మోటారుకారు దోషసంకేతములు : వానిని చదువు విధము

మన పాఠశాలకు బిడ్డలను పంపు తలిదండ్రులలో పలువురు ఇటీవల కార్లు కొనుచున్నారు. అందు క్రొత్తవి కొన్ని, పాతవి పెక్కు. సమావేశములకు వచ్చినపుడు పిల్లల మార్కుల ప్రసంగము ముగిసిన పిదప వారు మమ్మడుగు ప్రశ్న యొకటి కలదు. "సారూ, బండిల పసుపు లైటు ఎలుగుతున్నది. బండి మాత్రం మంచిగనే నడుస్తున్నది. షెడ్డుకు తీస్కపోవాల్నా, ఊకుండొచ్చునా?" అని. పై తరగతుల పిల్లలకు విద్యుత్తును గూర్చి పాఠము చెప్పువారము గనుక మాకు తెలిసియుండునని వారి నమ్మకము. నిజమునకు మొదట మాకును తెలియదు. గడచిన వర్షకాలమున నొక బండి మాకు నేర్పినది. ఆ బండి కథతోనే ఈ పాఠమును చెప్పుదుము.

దాని యజమాని మర్ఖేల్ గ్రామపు రైతు, మన తొమ్మిదవ తరగతి బాలిక తండ్రి. 2015వ సంవత్సరమున తయారైన పెట్రోలు కారు నొకదానిని ఆయన పాతదిగా కొనెను. తొలివానలు పడిన కొన్నాళ్లకు ఎదుటి పలకలో ఇంజను ఆకారము గల పసుపుదీపము వెలిగెను. అటుపిమ్మట బండి గుణము మాఱినది. తెల్లవాఱి స్టార్టు చేయబోయిన మొరాయించును. పొగగొట్టమునుండి నల్లని పొగ వచ్చును. తాళముచెవి త్రిప్పిన క్షణముననే, ఇంజను ఇంకను చల్లగా నున్నను, రేడియేటరు ఫ్యాను గిరగిర తిరుగును. పెట్రోలు మునుపటి కంటె చాల ఎక్కువగా త్రాగుచుండెను.

ఆయన బండిని ఒక పట్టణమునందలి మెకానిక్ షెడ్డుకు కొనిపోయెను. అచటి మేస్త్రి యంత్రమును తగిలించి చూచి, ఇంజను నీటివేడిని కొలుచు సెన్సరు చెడినదని చెప్పి, క్రొత్తది బిగించి, దీపము నార్పి పంపెను. దీపము మూడవనాడు మఱల వెలిగెను. రెండవ షెడ్డువారు మఱియొక సెన్సరు వేసిరి. అదియు పనిచేయకపోగా, బండిలోని కంప్యూటరే పోయినదనియు, దానిని మార్చుటకు చాల వేలు కావలెననియు చెప్పిరి. ఇంతలో ఒక వేకువన ఇంటిలోని వృద్ధురాలికి ఆయాసము వచ్చి దెగ్లూరునకు కొనిపోవలసి వచ్చెను. బండి కదలలేదు. ఆటో దొరకుటకు ముప్పావుగంట పట్టినది. ఆమె బ్రతికినది, గాని ఆ ముప్పావుగంటను ఆ యింటివారు మఱవలేదు. కూతురి పై చదువునకై దాచిన సొమ్మును కంప్యూటరునకు పెట్టుటకు నిశ్చయించుకొనియే ఆయన మాయొద్దకు వచ్చెను. సొమ్ము పెట్టకముందు ఒకమారు అడిగి చూతమని మాత్రమే.

మన పాఠశాలలో చదివి ఐటిఐలో మోటారు మెకానిక్ విద్య నభ్యసించుచున్న యువకుడొకడు సెలవులకు వచ్చియుండగా మేము అతనిని పిలిపించితిమి. అతని జేబులో అగ్గిపెట్టె కంటె కొంచెము పెద్దదైన పరికర మొకటి యుండెను. వెల వేయి రూపాయలకు లోపే. దానిని బండిలో నొకచోట గ్రుచ్చి, చేతిఫోనుతో బ్లూటూతు ద్వారా కలిపి, రెండు నిమిషములలో తెరపై "పి 0118" అను గుఱుతును చూపెను.

ఆ గ్రుచ్చుచోటు ఏది? కారులో స్టీరింగు క్రిందుగా, నడుపువాని మోకాళ్లకు ఎదురుగా, పలక అడుగున వంగి చూచినచో పదునాఱు గదులు గల సాకెట్టు కనబడును. పైప్రక్క వెడల్పు, క్రిందిప్రక్క కుఱుచ. దీనినే ఓబీడీ పోర్టు అందురు. బండి తన లోపములను తానే పరిశోధించుకొను ఏర్పాటునకు ఇది వాకిలి వంటిది. ఇందలి 16వ గదికి బ్యాటరీనుండి ఎల్లప్పుడును 12 వోల్టులు వచ్చుచుండును. 4, 5 గదులు భూమికి, అనగా బ్యాటరీ ఋణధ్రువమునకు కలుపబడియుండును. 6, 14 గదులలో రెండు తీగలు జంటగా మెలిపెట్టబడి బండిలోని కంప్యూటరుల వఱకు పోవును. కంప్యూటరు లొకదానితో నొకటి మాటలాడుకొను మార్గమిది. దీనిని క్యాన్ అందురు. జర్మనీ దేశపు బాష్ సంస్థవారు దీనిని 1986లో డెట్రాయిట్ నగరపు ఇంజనీర్ల సభయందు ప్రకటించిరి. అంతకుముందు ప్రతి దీపమునకు, ప్రతి సెన్సరునకు వేఱు తీగ కావలసియుండెను.

ఇది కార్ల యజమానుల సౌకర్యమునకై పుట్టినది కాదు, పొగ బాధ వలన పుట్టినది. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రపు వాయుమండలివారు, 1988వ సంవత్సరపు నమూనా బండ్లనుండి, పొగను అదుపుచేయు భాగములు చెడినచో బండియే కనిపెట్టి దీపము వెలిగింపవలెనని నిబంధన చేసిరి. గాని ఒక్కొక్క కంపెనీ యొక్కొక్క తీరు సాకెట్టు పెట్టెను. ఒకదాని సంకేతము వేఱొకదానికి తెలియదు. ఈ బాబెలు గోల 1996లో ముగిసినది. ఆ సంవత్సరమునుండి అమెరికాలో అమ్ము కార్లన్నింటికిని ఒకే ఆకారపు సాకెట్టు, ఒకే తీరు సంకేతములు విధింపబడెను. ఐరోపాలో పెట్రోలు కార్లకు 2001లో వచ్చినది. మన దేశమున 2010 ఏప్రిలులో హైదరాబాదు మొదలగు 13 నగరములయందు భారత్ స్టేజి 4 నిబంధనలు వచ్చినపుడు ఈ స్వపరిశోధనయు మొదలైనది. 2013 ఏప్రిలునుండి దాని రెండవ మెట్టు. 2017 ఏప్రిలులో స్టేజి 4 దేశమంతటికిని, 2020 ఏప్రిలులో స్టేజి 6 ద్విచక్రవాహనములతో సహా అన్నింటికిని వర్తించినది. కావున మన ఊళ్లలో తిరుగు కార్లలో పెక్కింట ఈ సాకెట్టు ఉండును. మోటారుసైకిళ్లకు మాత్రము సాకెట్టు ఆకారము వేఱు.

మన తాతల నాటి మాట వేఱు. ఈ ప్రాంతము హైదరాబాదు రాజ్యమున నున్న కాలమున, 1932లో, నిజాము రాజ్యపు రైల్వేవారు 27 బస్సులతో రోడ్డు రవాణా నారంభించిరి. ఆనాటి బస్సులకు గాని, పిదప వచ్చిన అంబాసిడరు కార్లకు గాని కంప్యూటరు లేదు. మేస్త్రి చెవి యొగ్గి విని, ప్లగ్గు విప్పి దాని మసిరంగు చూచి రోగము చెప్పెడివాడు. అది గొప్ప విద్యయే. నేటి బండిలో పెట్రోలు ఎంత చిమ్మవలెనో, నిప్పురవ్వ ఎప్పుడు పుట్టవలెనో కంప్యూటరు నిర్ణయించును. అది చీఁకటిగదిలో కూర్చున్న లెక్కలవాని వంటిది. సెన్సరులు పంపిన అంకెలే దానికి లోకము. అంకె తప్పైనచో లెక్క తప్పు, బండి నడక తప్పు. (సెన్సరునకు పుస్తకములలో "సంవేదకము" అని వ్రాయుదురు. దెగ్లూరు బజారులో తెలుగువారు, మరాఠీవారు, ఉర్దూవారు అందఱును సెన్సరనియే అందురు. మేమును అదే వాడుచున్నాము.)

ఇక సంకేతమును చదువుదము. మొదటి అక్షరము బండిలో ఏ అంగమో చెప్పును. పి యనిన ఇంజను, గేర్లు. సి యనిన బ్రేకులు, స్టీరింగు మున్నగు క్రిందిభాగము. బి యనిన ఎయిర్‌బ్యాగు, తలుపులు మున్నగు పైభాగము. యు యనిన కంప్యూటరుల నడుమ మాటలాడు మార్గము. తరువాతి అంకె సున్న యైనచో అన్ని కంపెనీలకును సామాన్యమైన సంకేతము. ఒకటి యైనచో ఆ కంపెనీకే ప్రత్యేకము. మూడవస్థానపు అంకె విభాగమును తెలుపును: 1 గాని 2 గాని పెట్రోలు, గాలి కొలతలు, 3 నిప్పురవ్వ, 4 పొగను శుద్ధిచేయు భాగములు, 5 వేగము, నిలుకడ, 7 గేర్లు. మిగిలిన రెండంకెలు అసలు దోషము. మన రైతు బండి చూపిన పి 0118 అనగా, నీటివేడి సెన్సరు తీగపై వోల్టేజి ఉండవలసిన దానికంటె ఎక్కువగా నున్నదని అర్థము.

ఇచట తలిదండ్రులు ముఖ్యముగా గమనింపవలసిన మాట యున్నది. సెన్సరు చెడినదని ఆ సంకేతము చెప్పలేదు. తీగపై వోల్టేజి ఎక్కువగా నున్నదని మాత్రమే చెప్పినది. జ్వరము 103 అని థర్మామీటరు చెప్పును; అది మలేరియాయో టైఫాయిడో చెప్పదు. రెండు షెడ్డులవారును "సెన్సరు" అను మాట కనబడగానే సెన్సరును మార్చిరి. మొదటి సెన్సరు బహుశా నేటికిని మంచిదే.

వోల్టేజి ఏల హెచ్చును? ఈ సెన్సరు ఒక నిరోధము. చల్లగా నున్నపుడు దాని నిరోధము రెండు మూడు వేల ఓములు. నీరు మరుగు వేడికి వచ్చునప్పటికి రెండు మూడు వందలు. కంప్యూటరు తనలోని యొక నిరోధము గుండ 5 వోల్టులను ఒక తీగపై పంపును. సెన్సరు గుండ పోయి, రెండవ తీగ వెంట తిరిగి కంప్యూటరు భూమికి చేరును. వేడి హెచ్చినకొలది తీగపై వోల్టేజి తగ్గును. ఎచ్చటనైన తీగ తెగినచో ప్రవాహమే యుండదు. వోల్టేజి పూర్తిగా 5 వద్ద నిలుచును. కంప్యూటరు దానిని అత్యంత శీతల మని గ్రహించును. ఆ బండి ఫోనుతెరపై నీటివేడి సున్నకు దిగువ 40 డిగ్రీలని చూపినది. వేసవిలో 40 డిగ్రీలను మేమెఱుగుదుము గాని, దిగువ 40ని మర్ఖేల్ ఎన్నడును ఎఱుగదు! మిక్కిలి చలిలో నున్నానని భ్రమించిన కంప్యూటరు పెట్రోలును విస్తారముగా చిమ్మించెను. అందువలననే నల్లపొగ, అందువలననే వేకువన ప్లగ్గులు పెట్రోలుతో తడిసి బండి మొరాయించుట. కొలత నమ్మదగనిదని తోచినపుడు ఇంజను కాగిపోకుండ ఫ్యానును ఎడతెగక త్రిప్పుటయు దాని జాగ్రత్తయే. కొన్ని బండ్లలో కంప్యూటరు నిజపు అంకెను దాచి తన ఊహాంకెను తెరకు పంపును. అపుడు ఈ చిహ్నము కనబడదు.

సరిగా 40 ఏల వచ్చినదని తొమ్మిదవ తరగతి పిల్లలు అడిగిరి. మంచి ప్రశ్న. కంప్యూటరు వేడిని ఒక్క బైటులో పంపును. బైటులో 0 మొదలు 255 వఱకు మాత్రమే అంకెలుండును. చలిదేశముల కొఱకు సున్నకు దిగువ డిగ్రీలును కావలెను గనుక, వచ్చిన అంకెనుండి 40 తీసివేయవలెనని నియమము. అంకె 0 వచ్చిన వేడి దిగువ 40. అంకె 130 వచ్చిన 90 డిగ్రీలు. ఇంజను చుట్లకు రెండు బైటులు పంపును. మొదటిదానిని 256తో గుణించి, రెండవదానిని కూడి, 4తో భాగింపవలెను. 12, 128 వచ్చినవనుకొనుడు: 3072, దానికి 128 కూడిన 3200, నాలుగవవంతు 800. నిలిచియున్న కారు ఇంజను నిమిషమునకు సుమారు అన్ని చుట్లే తిరుగును. ఇంటివద్ద తండ్రులు ఈ లెక్కను పిల్లలచే చేయింపవచ్చును.

ఇక పరీక్ష. యువకుడు తాళముచెవి త్రిప్పి, ఇంజను స్టార్టు చేయక, సెన్సరు తొడుగు నూడదీసెను. ఫ్యాను తిరుగుచున్నందున చేతులు దూరముగా నుంచుకొనెను. తొడుగులోని రెండు తీగల కొనలను చిన్న తీగముక్కతో కలిపెను. ఇపుడు నిరోధము లేదు గనుక తెరపై అంకె ఒక్కసారి గరిష్ఠమునకు ఎగురవలెను. ఎగిరినచో తీగలు, కంప్యూటరు మంచివి, సెన్సరే చెడినది. అంకె కదలలేదు! కావున దోషము సెన్సరులో లేదు. రెండు సెన్సరుల ఖర్చు వృథా యైనదని ఆ క్షణమున తేలినది. కంప్యూటరుపైని అనుమానము మాత్రమింకను తీరలేదు.

పిమ్మట మల్టీమీటరు తెచ్చిరి. మొదటి తీగకును బ్యాటరీ ఋణధ్రువమునకును నడుమ కొలిచిన 5 వోల్టులు వచ్చెను. అనగా కంప్యూటరు పంపుచున్నది, ఆ తీగయు బాగుగనే యున్నది. రెండు తీగల నడుమ కొలిచిన ఏమియు రాలేదు. ఇక మిగిలినది రెండవ తీగ, తిరుగుదారి. ఇతర సెన్సరులు అదే భూమిని పంచుకొని సరిగా పనిచేయుచుండెను గనుక కంప్యూటరులోని భూమికి దోషము లేదు; ఈ సెన్సరుకు వచ్చు కొమ్మయే తెగియుండవలెను. తీగల కట్టను వెంబడించి పోగా బ్యాటరీ పళ్లెము క్రింద జొన్నపొట్టు, గుడ్డపీలికలతో ఎలుక గూడు కనబడెను. దాని ప్రక్కనే తీగ కొఱుకబడి యుండెను. అతికించి, టంకము వేసి, గొట్టము తొడిగిరి. సంకేతము తుడిచి బండి స్టార్టు చేయగా వేడి 28నుండి మెల్లగా ఎక్కి 90 వద్ద నిలిచినది. ఫ్యాను ఊరకుండెను. ఖర్చు తీగకు, టంకమునకు మాత్రమే.

ఇట్టి పరీక్షలు అన్నింటికిని మీటరు అక్కఱలేదు. పి 0301 అనిన మొదటి సిలిండరులో మంట సరిగా రగులుట లేదు. మొదటి సిలిండరు కాయిలును రెండవదానికి, రెండవదానిని మొదటిదానికి మార్చి కొంతదూరము నడిపి చూడవలెను. సంకేతము పి 0302గా మాఱినచో కాయిలే దోషి. మాఱనిచో ప్లగ్గును, పెట్రోలు చిమ్ము ఇంజెక్టరును చూడవలెను. పి 0171 అనిన పెట్రోలు తక్కువ, గాలి ఎక్కువ. దీనికి ఆక్సిజన్ సెన్సరును మార్చు షెడ్డులు కలవు. వార్త తెచ్చినవానిని శిక్షించుట వంటిదది! పగిలిన గాలిగొట్టమో, బలహీనమైన పెట్రోలు పంపో కారణము కావచ్చును. పెక్కు సంకేతములు ఒక్కసారి కనబడినచో ముందు బ్యాటరీని చూడవలెను. నిలిచియున్నపుడు 12.6, ఇంజను నడుచునపుడు 13.5 మొదలు 14.5 వోల్టుల వఱకు ఉండవలెను. బ్యాటరీ తీగ వదులైనను, త్రుప్పు పట్టినను లేని రోగములన్నియు తెరపైకి వచ్చును.

సాకెట్టే పలుకకపోయిన? 16వ గదిలో 12 వోల్టులు రానిచో ఫ్యూజు పోయియుండును. పెక్కు బండ్లలో సిగరెట్టు వెలిగించు సాకెట్టునకును దీనికిని ఒకే ఫ్యూజు. ఫోను చార్జరు పెట్టునపుడు అది పోవుట కలదు. అది సరిగా నున్నచో బ్యాటరీ తీగ విప్పి, 6, 14 గదుల నడుమ నిరోధము కొలువవలెను. ఈ మార్గపు రెండు కొనలయందును 120 ఓముల నిరోధములుండును. రెండును కలసి 60 చూపవలెను. 120 చూపిన ఒక కొన తెగినది. సున్నకు దగ్గఱ చూపిన రెండు తీగలు ఒకదానికొకటి అంటుకొన్నవి. పైకొలతలు పదవ తరగతి పిల్లవానికి తెలిసిన ఓము సూత్రమే గాని అన్యము కాదు.

చౌక పరికరములతో అన్నియు తెలియవు. బ్రేకుల, ఎయిర్‌బ్యాగుల సంకేతములు పెక్కింట కనబడవు. కంపెనీల ప్రత్యేక సంకేతములకు అర్థము చూపవు. ఎయిర్‌బ్యాగు తీగలకు సాధారణముగా పసుపు తొడుగుండును. వానిని ఇంటివద్ద ముట్టరాదు. పరికరమును సాకెట్టులో విడిచి దినములకొలది బండి నిలిపిన బ్యాటరీ దిగిపోవును.

తలిదండ్రుల మొదటి ప్రశ్నకు ఇపుడు చెప్పుదుము. దీపము నిలుకడగా వెలుగుచు, నడకలో మార్పు లేక, వేడిముల్లు, ఆయిలుదీపము సరిగా నున్నచో కొన్ని దినములలో చూపించిన చాలును. దీపము మిణుకుమిణుకుమనుచున్నచో కాలనిపెట్రోలు పొగగొట్టములోనికి పోయి శుద్ధియంత్రమును కాల్చుచున్నదని గుఱుతు. వెంటనే వేగము తగ్గించి, వీలైనచో ఆపవలెను. ఆ యంత్రము వెల మిక్కిలి ఎక్కువ. ఎఱ్ఱదీపమేదైనను వెలిగినచో నిలుపవలెను.

షెడ్డుకు పోయినపుడు, సంకేతము తుడుచుటకు ముందు దానిని కాగితముపై వ్రాయించుకొనుడు. దోషము కలిగిన క్షణమున వేగమెంత, వేడియెంత, చుట్లెన్ని అనునవి కంప్యూటరు ఒక చిత్రమువలె దాచియుంచును. తుడిచినతోడనే అదియు పోవును. మొదటి షెడ్డులో అట్లే పోయినది. పిదప "ఏ పరీక్ష వలన ఈ భాగము చెడినదని తెలిసినది?" అని మర్యాదగా అడుగుడు. మంచి మేస్త్రి సంతోషముతో చూపును. మా యెఱుకలో అట్టివారు కలరు. చదువు తక్కువైనను చేతిలో బల్బుదీపముతో తీగ వెంబడి పోయి దోషమును పట్టుకొనువారు. కోపగించుకొనువానికి బండి నప్పగించు ముందు మఱియొకచోట చూపించుట మేలు.

ఆశ్వయుజమున సోయా మూటలు ఇంటికి చేరిన పిదప ఆ రైతు బండిలో దీపము మఱల వెలిగినది. ఈసారి సంకేతమును చదివినది ఆయన కూతురు. పి 0113: లోనికి పోవు గాలి వేడిని కొలుచు సెన్సరు తీగపై వోల్టేజి ఎక్కువ. ఆమె తెరపై గాలివేడి చూచినది. దిగువ 40. "నాయనా, మల్ల ఎలుకనే" అని, తండ్రిచే దీపము పట్టించి బ్యాటరీ పళ్లెము క్రింద వెదకినది. అరగంటలో దొరికినది.